చెలమదిబ్బ పదకొండు ఇళ్లు

రాధారాణి ఆ వాక్యం చదివేసరికి పోలమ్మ పీట మీద కూర్చుని రొయ్యలు ఒలుస్తోంది.

"ఈ దీవిలో సైనికులు తప్ప మనుషులెవరూ ఏ కాలంలోనూ నివసించిన దాఖలాలు లేవు."

పోలమ్మ చేతిలో రొయ్య చేతిలోనే ఉండిపోయింది.

"మల్లీ సదువు," అంది కోడలితో.

రాధారాణి మళ్లీ చదివింది.

"ఇంకోపాలి."

మూడోసారి వినేసరికి ఆవిడ పీట మీంచి లేచిపోయింది. చేతులు కూడా కడుక్కోలేదు. ఆ పుస్తకం కోడలి ఒళ్లోంచి లాక్కుని చంకలో పెట్టుకుంది.

"అత్తా, ఎక్కడికీ?"

"రాసినోడి కాడికి."

ఖరగ్‌పూర్‌లో వాళ్లుండే ఝపటాపూర్ బజారు మలుపులో టోటో అనే బ్యాటరీ రిక్షా ఆపి ఎక్కి, "ట్రాఫిక్ చలో దాదా, జల్దీ" అంది. రాసినాయన ఉండే రైల్వే క్వార్టర్ల పేటని అక్కడ ట్రాఫిక్ అంటారు. పక్కన కూర్చున్న బెంగాలీ కుర్రది రొయ్యల వాసనకి ముక్కు మీద చున్నీ పెట్టుకుంది. పోలమ్మకి అదేదీ కనబడలేదు. డెబ్బై దాటిన మనిషి, మోకాళ్ల నొప్పులని పొద్దున్నే మందు రాయించుకున్న మనిషి, టోటో ఇంకా ఆగకుండానే దిగేసింది.

ఆ పుస్తకం ఖరగ్‌పూర్ తెలుగు సంఘం మూడు నెలలకోసారి అచ్చువేసేది. అందులో సగం సభ్యుల పిల్లల మార్కులు, సగం పండగల ఫొటోలు. ఈసారి మాత్రం మోహనకృష్ణ అనే ఆయన రాసిన పెద్ద వ్యాసం ఒకటి వచ్చింది. ఆయన రైల్వే ఆఫీసులో హెడ్ క్లర్కుగా చేసి రిటైరైపోయి, కొడుకుకిచ్చిన క్వార్టర్లో ఉంటున్నాడు. చరిత్రంటే ఇష్టం. శీతాకాలంలో శ్రీకాకుళం వైపు ఏదో పెళ్లికి వెళ్లి, పనిలో పనిగా పడవ కట్టించుకుని ఉప్పుటేరు మధ్యలో ఉన్న ఒక చిన్న దీవి మీది కోట చూసొచ్చాడు. వచ్చి "సలాందిబ్బ కోట" అని ఆరు పేజీలు రాశాడు. పోలమ్మ ఇంట్లో తెలుగు గడగడా చదవగలిగేది పలాస వైపు నుంచి వచ్చిన కోడలొక్కతే. కొడుకు శ్రీనివాస్ హిందీ బడిలో చదివాడు, మనవలది బెంగాలీ. అందుకని ఆ పుస్తకం ఎప్పుడొచ్చినా రాధారాణే చదివి వినిపించేది.

ఆ దీవిలో పోలమ్మ పుట్టింది.

కోటగోడ లోపల పదకొండు తాటాకు గుడిసెలుండేవి. అందరూ జాలర్లే. నాలుగోది పోలమ్మ తండ్రి నూకయ్యది. చుట్టూ ఉప్పునీళ్లు, ఆ దిబ్బ నడుమ మాత్రం తియ్యటి నీళ్ల చెలమ. తుప్పు పట్టిన నాలుగు ఫిరంగులుంటే రెండింటి మీద వలలు ఆరేసేవాళ్లు, మూడోదాని మీద పిల్లలు గుర్రమాట ఆడేవాళ్లు, నాలుగోది ఎప్పుడో బోర్లాపడి మట్టిలో కూరుకుపోయింది. ఏటా వానలు వెలిసాక మగవాళ్లంతా నడుములకి తాళ్లు కట్టుకుని గోడల మీంచి వేలాడుతూ, రాళ్ల సందుల్లో మొలిచిన రావిమొక్కల్ని వేళ్లతో సహా పీకేసేవాళ్లు. ఎవరూ చెప్పి చేయించిన పని కాదు. గోడ పడితే గాలివానకి గుడిసెలు నిలవవని వాళ్లకి తెలుసు.

పోలమ్మకి తొమ్మిదో ఏడు నడుస్తుండగా రెండు లాంచీలొచ్చాయి. దిగినవాళ్లలో ఒక ఆఫీసరు కాగితం పట్టుకుని చదివాడు. ఇది పురాతన కట్టడమట. మనుషులుంటే పాడైపోతుందట. సాయంత్రంలోగా ఖాళీ చెయ్యాలట. నూకయ్య ఆయనకి దండం పెట్టి, మేమున్నాం కాబట్టే గోడ నిలబడింది బాబూ, కావాలంటే చూడండి అని బురుజు దగ్గరికి తీసుకెళ్లబోయాడు. ఆయన లాంచీలోంచి తెచ్చుకున్న కుర్చీలోంచి లేవనే లేదు. మధ్యాహ్నానికి గుడిసెలు పీకేశారు. పొయ్యి మీది కూడు పొయ్యి మీదే ఉండగా పోలమ్మ తల్లి కుండని ఒక జవాను బూటుకాలితో తన్నేశాడు. చెలమ మీద ఇనుప చట్రం వేసి తాళం పెట్టారు.

ఒడ్డున వాళ్లకి చూపించిన నేల ఉప్పుపర్ర. అక్కడ మొక్క మొలవదు, నీరు ఊరదు. పదకొండు ఇళ్లవాళ్లూ దొరికిన దిక్కుకి పోయారు. నూకయ్య రెండేళ్లు కూడా బతకలేదు. ఖరగ్‌పూర్ వర్క్‌షాపులో కమ్మరిపని చేస్తున్న మేనమామ వచ్చి తల్లితో పాటు పోలమ్మని తీసుకెళ్లి, పదహారో ఏట దేముడు అనే ఖలాసీకిచ్చి పెళ్లి చేశాడు. దేముడు మంచివాడు, కామెర్లొచ్చి ముప్పై ఎనిమిదేళ్లకే పోయాడు. అతని ఉద్యోగం ఆవిడకిచ్చారు. పాతికేళ్లు వ్యాగన్ల షాపులో ఇనుము మోసింది. రివెట్లు కొట్టే మోతలో మాట వినబడాలంటే గొంతు చించుకోవాలి. ఆ గొంతు రిటైరయ్యాక కూడా తగ్గలేదు.

అలాంటి గొంతుతో మోహనకృష్ణ గుమ్మంలో నిలబడి, "బావూ, పోలమ్మనొచ్చినాను, ఒకపాలి బయటికి రండి," అంది.

ఆయన మర్యాదగానే లోపలికి పిలిచాడు, కుర్చీ చూపించాడు. ఆవిడ కూర్చోలేదు.

"తమరు రాసిన దిబ్బలో నాను పుట్టినాను. ఎవులూ ఉండనేదని ఎలాగ రాసినారు?"

ఆయన కళ్లజోడు సర్దుకున్నాడు. "నువ్వు పుట్టావా? చూడమ్మా, చరిత్ర అంటే ఆధారాలు కావాలి. నేను పాత గెజిట్లు చూశాను, మ్యాపులు చూశాను. జనాభా లెక్కల్లో ఆ దీవి సున్నా."

"లెక్క రాసీవోడు పడవెక్కితే గదా మేం కనబడడానికి."

"అది నీ మాట. నేను కాదనను. కానీ రుజువు..."

"తూరుపు గోడ బీట కొట్టిందని రాసినారు గదా. ఎందుకు కొట్టింది?"

"అంటే, కాలగర్భంలో ఎంతటి కట్టడమైనా..."

"కాలం కాదు బావూ. రావిమొక్కలు. మేం పీకీవోలం. మమ్మల్ని తోలేసినాక పీకీవోడు నేక పగిలిపోయింది. దానికి సలాందిబ్బని పేరెవులెట్టినారు?"

ఇది ఆయనకి ఇష్టమైన సంగతి. వెళ్లే ప్రతి ఓడా ఆ కోటకి ఫిరంగి పేల్చి సలాం చేసేదనీ, అందువల్ల సలాందిబ్బ అయిందనీ, తెల్లదొరల మ్యాపులో కూడా అలాగే ఉందనీ చెప్పాడు.

పోలమ్మ నవ్వింది. అది సంతోషంతో నవ్విన నవ్వు కాదు. "సెలమ దిబ్బ బావూ. సెలమ! తమలాటోళ్లు చెలమంటారు. ఇసకలో తవ్వితే నీళ్లూరీ గుంట. మావోడు సెలమన్నాడు, దొర సలామని రాసుకున్నాడు. తమరు తెలుగోలు గదా, దొర రాసిందే దిద్దుకున్నారేటి?"

మోహనకృష్ణ ముఖం కాస్త ఎర్రబడింది. అయినా నోటు పుస్తకం తీశాడు. ఆవిడ చెప్పినదంతా గంటసేపు రాసుకున్నాడు. చెలమ ఎక్కడుందో, మెట్లెన్నో, మట్టిలో కూరుకుపోయిన ఫిరంగి ఏ మూలనుందో. వచ్చే సంచికలో సవరణ వేస్తానన్నాడు. పోలమ్మ ఆ మాట నమ్మి ఇంటికొచ్చి చేతులు కడుక్కుంది.

మూడు నెలలు కాచుకుంది. రెండో సంచిక రాగానే రాధారాణి పేజీలు తిప్పింది. చదువుతూ మధ్యలో ఆగిపోయింది.

"ఆగినావేటి? సదువు."

"అత్తా, నువ్వు కోప్పడకూడదు మరి."

"సదవమన్నానా!"

మట్టిలో కూరుకుపోయిన నాలుగో ఫిరంగి జాడని "ఈ వ్యాసకర్త తన పరిశోధనలో" కనిపెట్టాడని ఉంది. చెలమకి ఏడు మెట్లున్నాయని కూడా వ్యాసకర్తే కనిపెట్టాడు. చివర్లో రెండు వాక్యాలు: "ఒకప్పుడు ఇక్కడ జాలర్లు ఉండేవారని ఒక జానపద గాథ ప్రచారంలో ఉంది. ఆక్రమణదారులను తొలగించి కోటను సకాలంలో కాపాడినట్టు మాత్రం ప్రభుత్వ పత్రాల వల్ల తెలుస్తోంది."

"గాథంటే ఏటి?" అంది పోలమ్మ.

"కథ అత్తా. ముసిలోళ్లు చెప్పుకునే కథ."

"ఆక్రమనంటే?"

రాధారాణి తలొంచుకుంది. "మనది కాని చోట కబ్జా చేసి కూకోడం."

మొదటిసారి కోపం వచ్చినప్పుడు ఆవిడ టోటో ఎక్కి పరిగెత్తింది. ఈసారి కూర్చున్న చోటే కూర్చుంది. తను బతికుండగానే తనని కథని చేసేశాడు. తండ్రిని దొంగని చేసేశాడు. తన నోట్లోంచి తీసుకున్న మెట్లూ ఫిరంగీ మాత్రం ఆయనవైపోయాయి.

ఆ ఆదివారం సంఘం హాల్లో నెలవారీ మీటింగు. మోహనకృష్ణ ఆ కోట మీద ప్రసంగిస్తాడని వాట్సాప్‌లో వచ్చింది. శ్రీనివాస్ వద్దన్నాడు. "అమ్మా, ఆయన పెద్దోడు. ప్రెసిడెంటు నాకు ఆఫీసులో ఎదురుపడతాడు. పాత సంగతి, ఒగ్గేద్దూ."

"మీ తాతని దొంగన్నాడురా."

"తాత పోయి అరవయ్యేల్లయింది."

పోలమ్మ కొడుకు ముఖంలోకి చూసింది. "నువ్వు రాకు," అంది. కోడలిని తీసుకుని వెళ్లింది.

హాల్లో నలభై మంది దాకా ఉన్నారు. మోహనకృష్ణ హాలు గోడ మీద ఫొటోలు వేసి చూపిస్తూ కోటగోడ ఎత్తు, బురుజు చుట్టుకొలత, ఫిరంగి పొడుగు అన్నీ వివరంగా చెప్పాడు. చప్పట్లు కొట్టారు. ప్రశ్నలేమైనా ఉన్నాయా అని ప్రెసిడెంటు అడిగీ అడగకముందే పోలమ్మ లేచి నిలబడింది. మైకు ఇవ్వబోతే అక్కర్లేదంది.

"ఆ బాబు ఎత్తులూ పొడుగులూ సెప్పినాడు. మిగతాది నాను సెప్తాను, ఇనండి. ముందొచ్చింది మావోళ్లు. ఏటకెల్లినోడికి దాహమేస్తే ఆ దిబ్బ మీద తవ్వుకున్నారు, తియ్యనీళ్లు పడినాయి. ఆ నీళ్లు సూసి జమీందారొచ్చి సుట్టూ గోడ కట్టినాడు. నీళ్లు నేని కాడ కోటెవుడు కడతాడు? గోడకి రాయి మోసింది మావోళ్లే. కట్టినాక మా సెలమకి మాకే పన్నేసినాడు, కుండకో సేప. తరవాత తెల్లదొరలొచ్చి ఆణ్ని తగిలేసి ఫిరంగులెట్టినారు. ఒక ఏడాది జొరాలొచ్చి సగం మంది సిపాయిలు పోయినారు. దొరలు ఎల్లిపోయినారు. ఫిరంగులు మొయ్యనేక అక్కడే ఒగ్గేసినారు. సచ్చిన సిపాయిలకి గోతులు తవ్వింది కూడా మావోళ్లే. జమీందారు పోయినాడు, దొర పోయినాడు, మేం మాత్రం ఎక్కడికీ ఎల్లనేదు. మేం ఆక్రమించినామా? మా సుట్టూ గోడ కట్టినోడు ఆక్రమించినాడా?"

ప్రెసిడెంటు టైము చూసుకుని, "అమ్మా, చాలా బాగా చెప్పారు, ఇక..." అన్నాడు.

మోహనకృష్ణ కొంచెం విసుగ్గా ఫైల్లోంచి ఒక కాగితం తీశాడు. "నేను ఊరికే రాయలేదండీ. నా దగ్గర జిరాక్సు ఉంది. అప్పటి ఆర్డరు. ఇందులో స్పష్టంగా ఆక్రమణదారులు అనే ఉంది, పేర్లతో సహా."

"పేర్లా?" అంది పోలమ్మ. "సదువు."

ఆయన చదవడం మొదలెట్టాడు. ఒకటి, రెండు, మూడు. "నాలుగు. నూకయ్య, తండ్రి పోలయ్య. ఒక గుడిసె. భార్య, ఒక కూతురు."

తండ్రి పేరు ఇంకొకరి నోటెంట విని అరవై ఏళ్లు దాటింది. రాధారాణి అత్త చెయ్యి గట్టిగా పట్టుకుంది, ఏడుస్తుందేమోనని. ఆవిడ ఏడవలేదు.

"ఆ కూతుర్ని నానే," అంది. "ఆ కాగితం నీ సేతికెప్పుడొచ్చింది బావూ?"

"రెండో వ్యాసం రాసే ముందు."

"అంటే మాయయ్య పేరు సదివినావు. నా గురించి కూడా సదివినావు. నాను నీ గుమ్మంలో నిలబడి సెప్పినాను. అన్నీ తెలిసి కథని రాసినావు. పేర్లెందుకు రాయనేదు?"

మోహనకృష్ణ కాగితం మడిచాడు. "అంటే, పుస్తకంలో స్థలాభావం వల్ల..."

"అదేటి?"

"చోటు చాల్లేదంటున్నాడత్తా," అంది రాధారాణి.

పోలమ్మ గొంతు హాలు పైకప్పుకి తగిలింది. "సోటు సాల్లేదా! ఫిరంగి ఎన్ని అడుగులో రాయడానికి సాలింది. గోడ ఎన్ని గజాలో రాయడానికి సాలింది. నీ ఫొటోకి సగం కాగితం సాలింది. పదకొండు పేర్లకి సోటు సాల్లేదా? లాంచీలో వొచ్చినోడు దిబ్బ మీద మాకు సోటు నేదన్నాడు. నువ్వు పుస్తకంలో కూడా నేదంటన్నావు!"

అని, బల్ల దగ్గరికి నడిచి, ఆయన చేతిలోని కాగితం లాగేసుకుంది. "ఇదిగో, ఇది మాది," అని బయటికి వచ్చేసింది. ఎవరూ ఆపలేదు.

మర్నాడు ఝపటాపూర్‌లో సిరిల్ నడిపే జిరాక్సు దుకాణానికి అత్తాకోడళ్లిద్దరూ వెళ్లారు. రాధారాణి ఒక తెల్లకాగితం మీద గుండ్రటి అక్షరాలతో రాసింది: "దీని పేరు చెలమదిబ్బ. ఇక్కడ మనుషులున్నారు. కోటకంటే ముందు నుంచి ఉన్నారు. బలవంతంగా వెళ్లగొట్టే నాటికి ఉన్నవాళ్లు వీరు." కింద పదకొండు పేర్లు. సిరిల్ చదివి, చిన్న చీటీలుగా వచ్చేలా ఒక పేజీకి నాలుగు చొప్పున తీసిచ్చాడు.

పోలమ్మ మైదాపిండి ఉడికించి జిగురు చేసి పాత బోర్నవిటా డబ్బాలో పోసుకుంది. ఆ రోజు మొదలు పన్నెండు రోజులు, పొద్దున్న పనవ్వగానే బయల్దేరి, సంఘం పుస్తకం వెళ్లే ఇల్లల్లా తిరిగింది. తలుపు కొట్టడం, "ఈ మద్దెనొచ్చిన పుస్తకం ఉందా తల్లీ, ఒకపాలి ఇయ్యి" అనడం, ఆ పేజీ తీసి జానపద గాథ మీద చీటీ అంటించి తిరిగి ఇచ్చేయడం. కొందరు కూర్చోబెట్టి టీ ఇచ్చి సంగతంతా అడిగారు. కొందరు పుస్తకం పాత పేపర్లవాడికి వేసేశామన్నారు. ఒకాయన మాత్రం పుస్తకం పాడు చేస్తావా అని అరిచాడు. "నా బతుకు పాడు సేసినప్పుడు అరవనేదే," అని ఆయన కళ్లముందే అంటించి వచ్చింది.

ఎనిమిదో రోజున ట్రాఫిక్ పేటలో మీనాకుమారి అనే ఆవిడ చీటీ చేత్తో పట్టుకుని, కళ్లకి దగ్గరగా పెట్టుకుని చదువుతూ ఏడో పేరు దగ్గర ఆగింది.

"ఇది మా తాత పేరు," అంది. "మాది ఏదో దిబ్బ అనీవోరు మాయమ్మ. నాకెవులూ సరిగ్గా సెప్పనేదు."

పోలమ్మ ఆవిడని ఎగాదిగా చూసింది. "మీ తాతకి ఎడం సెవి సగం నేదు. సేప కొరికేసింది."

మీనాకుమారి నోరు తెరుచుకుని చూసింది. "అవును! అమ్మ సెప్పీది!"

ముప్పై ఏళ్లుగా ఒకే ఊళ్లో ఉన్నారు, ఒకే బజార్లో కూరలు కొన్నారు. ఒకరికొకరు తెలియదు. పోలమ్మకి సంతోషం రావలసిన చోట ఇంకా కోపం వచ్చింది. "సూసినావా, ఆళ్లు మనల్ని ఎలాగ సెదరగొట్టినారో! ఇరుగూ పొరుగూ ఉండవలసినోలం, పేరు కూడా తెలీకుండా బతికినాం." మిగిలిన నాలుగు రోజులూ మీనాకుమారి కూడా వెంట తిరిగింది.

శ్రీనివాస్‌ని ఆఫీసులో ప్రెసిడెంటు పట్టుకున్నాడు. మీ అమ్మని ఆపమన్నాడు. ఇంటికొచ్చి శ్రీనివాస్ ఎగిరిపడ్డాడు, పరువు పోయిందన్నాడు. రాధారాణి ఎప్పుడూ భర్తకి ఎదురు చెప్పని మనిషి, చీటీ తీసి అతని ముందు పెట్టింది. "నాలుగోది ఎవరి పేరో చదువు," అంది. తెలుగు నెమ్మదిగా కూడబలుక్కుని చదివాడు. చీటీ మడిచి జేబులో పెట్టుకున్నాడు. మర్నాడు ప్రెసిడెంటు మళ్లీ అడిగితే, మా అమ్మని మీరే అడగండి అన్నాడట.

ప్రెసిడెంటు నిజంగానే ఝపటాపూర్ వచ్చాడు. పుస్తకాలు పాడు చేసినందుకు ఒక్క మాట పొరపాటైందనమన్నాడు, తరవాతి సంచికలో సవరణ వేయిస్తానన్నాడు. "ముందు వేయించండి, తరవాత సూద్దాం," అంది పోలమ్మ.

మూడో సంచికలో సవరణ వచ్చింది. చివరి పేజీలో, చీరల దుకాణం ప్రకటన కింద, చిన్న అక్షరాల్లో. పదకొండు పేర్లూ ఉన్నాయి, తప్పుల్లేకుండా. చెలమదిబ్బ అనే పేరు కూడా ఒప్పుకున్నారు. కాని పేర్ల పైన శీర్షిక "తొలగించబడిన ఆక్రమణదారుల జాబితా" అని వేశారు. అధికారిక పత్రంలో ఉన్న మాట మార్చే అధికారం తమకి లేదని కింద ఒక గమనిక.

మోహనకృష్ణ ఆ తరవాత కోటల మీద రాయలేదు. బజార్లో పోలమ్మ ఎదురైతే అవతలి పక్కకి వెళ్లిపోతాడు. ఆవిడ కూడా పలకరించదు. ఆయనకి జబ్బు చేసిందని తెలిసినప్పుడు మీనాకుమారి ఒకసారి చూసొద్దామంది. పోలమ్మ రానంది.

ఆక్రమణదారులన్న ఆ ఒక్క మాట కొట్టించడానికి ఆవిడ ఇప్పటికి ఐదుసార్లు ప్రెసిడెంటు ఇంటికి వెళ్లింది. ఒకసారి ఆయన ఇంట్లో లేడన్నారు, వరండాలో చెప్పులున్నాయి. కోటల ఆఫీసుకి, అంటే పురావస్తు శాఖకి, రాధారాణి చేత రెండు ఉత్తరాలు రాయించింది. ఒకదానికి జవాబొచ్చింది, పరిశీలిస్తున్నామని. అది వచ్చి కూడా ఏడాది కావస్తోంది.

"ఇంక సాలు కదత్తా," అని మొన్న రాధారాణే అంది, మెల్లిగా. "పేర్లు ఎక్కినాయి కదా."

"పేర్లెక్కించి పైన దొంగలని రాసినారు," అంది పోలమ్మ, పైట చెంగు నడుముకి బిగిస్తూ. "ఇంకో కాయితం తియ్యి. ఈపాలి గట్టిగా రాద్దాం."